మూడు చుక్కలు, కింద గీత

మోదుగులగట్టు అంటే పక్క తాలూకాలో ఎవరికీ తెలియదు. సినిమా రామచంద్రయ్య ఊరు అంటే నల్లగొండ దాకా తెలుసు. పదిహేడేళ్ళ వయసులో ఇల్లు విడిచి బొంబాయి చేరి, పెద్ద పెద్ద సినిమాలు తీసి పేరు తెచ్చుకున్న ఆ రామచంద్రయ్య ఇరవై రెండేళ్ళ తర్వాత మొన్న ఊళ్ళో దిగాడు. వచ్చింది చనిపోయిన తమ్ముడి కోసం. తమ్ముడు గాలయ్య రజాకార్ల కాలంలో దళంలో చేరాడు. పోలీసు చర్య జరిగి నిజాం గద్దె దిగినా తుపాకి దించలేదు. కిందటి శ్రావణంలో యూనియన్ పోలీసులు తిన్నగా సోమమ్మ ఇంటికి వచ్చి, ఆమె ధాన్యపు పాతరలో దాక్కున్న గాలయ్యను బయటికి లాగి, గట్టు మీదికి తీసుకుపోయి కాల్చారు. ఊళ్ళో ఇంకే ఇంటి గడపా తొక్కలేదు. మర్నాడు సోమమ్మను తమ క్యాంపుకు తీసుకుపోయి, మూడు రోజులకు ప్రాణాలతో వదిలేశారు. అందువల్ల సోమమ్మే పట్టిచ్చిందని ఊరు తేల్చి, ఏడు నెలలుగా ఆమెను వెలి వేసింది. ఇవాళ పొద్దుగూకే వేళ పెద్దలు చావడి దగ్గర కూర్చుంటారు. సోమమ్మ ఊళ్ళో ఉండాలా, పోవాలా అన్నది చచ్చినవాడి అన్న నోటి నుంచే రావాలని ఒప్పందం. అసలు జరిగింది తమకు తప్ప ఊళ్ళో ఇంకెవరికీ తెలియదనుకునేవాళ్ళు ఇద్దరున్నారు. చాకలి పర్వతాలు, అతని పెండ్లాం గోవిందమ్మ.

*

ఇస్త్రీ పెట్టెలో బొగ్గులు చల్లారిపోయాయి. పర్వతాలు రామచంద్రయ్య లాల్చీని నాలుగోసారి మడత పెట్టి, నాలుగోసారి విప్పాడు.

"ఎన్నిమాట్ల మడ్తవెడ్తవ్? బట్ట నల్గక ముందుగాల నీ పానమే నల్గుతాంది" అంది గోవిందమ్మ గడప దగ్గర కూర్చుని జొన్నలు చెరుగుతూ.

"పోతున్న తియ్యి."

"పోతె పో. బట్టలిచ్చిరా. నోరు మాత్రం ఇంట్లనే వెట్టిపో."

గోవిందమ్మ చేట కింద పెట్టింది.

"నేను చెప్పేది ఇంటున్నవా? క్యాంపు ఎత్తేసి పది దినాలాయె. దళపోళ్ళు మల్ల గట్టు దిగుతున్నరట. గాలయ్యను ఎవలు పట్టిచ్చిండ్రో ఆరా తీస్తున్నరట. నీ పేరు బయిటవడ్డదనుకో, ఏమైతదో నీకెరికే. ఇద్దరు ఆడివిల్లలు. వాళ్ళ మొకం సూసన్న నోరు మూస్కో."

"సోమక్క మొకం ఎవలు సూడాలె మరి?"

"ఆమెకేం, మొగడు లేడు, పిల్లలు లేరు. వాళ్ళ అవ్వగారింటికి పోతది. మనం యాడికి పోతం?"

ఈ మాట గోవిందమ్మ ఏడు నెలల్లో ఎన్నిసార్లు అన్నదో లెక్క లేదు. మొదట్లో ఏడుస్తూ అనేది. ఇప్పుడు జొన్నలు చెరుగుతూ అంటున్నది. ఆమెది చెడ్డ మనసు కాదు. శ్రావణంలో ఆ రోజు పర్వతాలు ఇంటికొచ్చి జరిగింది చెప్పినప్పుడు, ముందు సోమమ్మ దగ్గరికి ఉరికి కాళ్ళ మీద పడదామని బయలుదేరింది ఆమే. వాకిలి దాటకముందే పెద్దబిడ్డ "అవ్వా, యాడికే?" అని అడిగింది. ఆ ఒక్క మాటకు వెనక్కి తిరిగింది.

పర్వతాలు మూట భుజానికెత్తుకుని వాగు వైపు నుంచి నడిచాడు. ఊళ్ళోంచి పోతే దగ్గర. కానీ ఊళ్ళోంచి పోతే సోమమ్మ ఇంటి ముందర నుంచి పోవాలి. ఏడు నెలలుగా అతను ఆ బాట తొక్కలేదు.

తప్పించుకుందామనుకున్న మనిషే వాగులో ఎదురైంది.

చాకిరేవుకు చాలా దిగువన, మోకాలి లోతు నీళ్ళలో వంగి సోమమ్మ తన చీర తనే ఉతుక్కుంటున్నది. ఊరు వెలేసినప్పుడు మంగలి, కుమ్మరి, చాకలి ఎవరూ ఆమెకు పని చేయొద్దని పెద్దలు ఆన పెట్టారు. ఆ ఆనకు పర్వతాలు కూడా తల వంచాడు. నిజానికి అందరికంటే ముందు తల వంచింది అతనే.

"ఏం తమ్మీ" అని పిలిచింది సోమమ్మ నడుము ఎత్తకుండానే. "గంత తెల్లగున్నయ్, బొంబాయి బట్టలా?"

"అవునక్కా."

"మంచిగ ఉతికినవ్. నా చీరె సూడు, ఎంత గుంజినా మట్టిరంగు పోతలేదు. సౌడు మన్ను ఎంత కలపాల్నో, ఉబ్బల ఎంతసేపు ఉడకపెట్టాల్నో నాకు తెల్వకపాయె. నాకు దున్నుడు తెల్సు, కలుపు తీసుడు తెల్సు. ఉతుకుడు ఎన్నడు నేర్సుకున్న?" అని నవ్వింది. మనిషి సగమైపోయింది. నవ్వు మాత్రం అట్లాగే ఉంది. "పిల్లలు మంచిగున్నరా? నీ పెద్దబిడ్డ పొద్దున పొద్దున చల్లకు వస్తుండె. ఇప్పుడు వస్తలేదు. నేను రమ్మంటలే, ఉత్తగ అడిగిన."

"మంచిగున్నరక్కా."

అతను నాలుగడుగులు వేశాడు. వెనక నుంచి మళ్ళీ పిలిచింది.

"తమ్మీ, మా ఇంటి గుర్తు యాదున్నదా, మరిచినవా?"

పర్వతాలు కాళ్ళు నీళ్ళలో ఆగిపోయాయి. వెనక్కి తిరిగి చూసే ధైర్యం లేదు.

"యాదున్నది."

"ఉంటది. నీకు యాది మంచిది" అన్నది సోమమ్మ. చీర బండకేసి కొట్టింది.

వెక్కిరించిందా? లేక తన బట్టలు మళ్ళీ ఎప్పుడు ముట్టుకుంటావని అడిగిందా? ఆ మాట పట్టుకుని దారంతా నలిగాడు పర్వతాలు.

*

ఆ గుర్తుల సంగతి చెప్పుకోవాలి.

దొర గడీ నుంచి ఊరిని ఏలిన రోజుల్లో ఒకసారి అతని లెక్కలు చూసే కారిందా ధోతి తారుమారైంది. అదెవరింటికో పోయింది, ఎవరిదో పాత ధోతి గడీకి పోయింది. పర్వతాలును గడీ దర్వాజా దగ్గర వంగబెట్టి, వీపు మీద బండ ఎత్తి, పొద్దు నెత్తిమీదికొచ్చేదాకా నిలబెట్టారు. ఆ పాత ధోతి ఎవరిదని ఎంత అడిగినా అతను పేరు చెప్పలేదు. వారం తర్వాత అతను హైదరాబాద్‌లో మేనమామ దగ్గరికి పోయాడు. మేనమామ లష్కర్‌లో పల్టన్ సిపాయిల బట్టలు ఉతికేవాడు. నల్లజీడి గింజను సూదితో గుచ్చి, ఆ నల్లటి రసంతో బట్ట మూలన చుక్క పెడితే బట్ట చినిగిపోయినా చుక్క పోదని నేర్పించాడు. తిరిగొచ్చి పర్వతాలు ఊళ్ళో ప్రతి ఇంటికీ ఒక గుర్తు కట్టాడు. రామచంద్రయ్య ఇంటిది కత్తెర గుర్తు. సోమమ్మ ఇంటిది మూడు చుక్కలు, కింద గీత. అక్షరం ముక్క రాని మనిషి, నూటా పది ఇళ్ళ గుర్తులు కంఠతా పట్టాడు. ఆ తర్వాత ఈ ఊళ్ళో రుమాలు కూడా తప్పిపోలేదు. అతనికి ఉన్న గర్వం అదొక్కటే.

*

"రా రా, పర్వతాలూ!" రామచంద్రయ్య వాకిట్లోకి ఎదురొచ్చాడు. మూట తనే అందుకున్నాడు.

"నేను పెడ్త పటేలా, ఇటియ్యి."

"పటేలా గిటేలా ఏంది? వాగుల చేపలు పట్టేటప్పుడు ఏమని పిలుస్తుంటివి?"

"గప్పుడు శిన్నపోరగాండ్లం."

"ఇప్పుడేం ముసలోళ్ళమైనమా? రామన్న అను. అనకుంటె బట్టలు తీస్కపో, మాసినయ్యే కట్టుకుంట."

పర్వతాలు నవ్వబోయాడు, రాలేదు. రామచంద్రయ్య అతణ్ణి చేయి పట్టి అరుగు మీద తన పక్కన కూర్చోబెట్టుకున్నాడు. అట్లా కూర్చోబెట్టడం చూసి దారిన పోయే ఇద్దరు ఆగి, మళ్ళీ నడిచారు.

"బొంబాయిల ఎవరన్నా అడుగుతరు, నీకు ఈ సినిమా పిచ్చి ఎట్ల వట్టిందని. నేనేం చెప్తనో ఎరికేనా? మా ఊళ్ళె పర్వతాలని ఉన్నడు, ఆడు తడి దుప్పటి దండెం మీద ఆరేస్తె పొద్దుగూకంగ ఎన్కకెల్లి బర్లు పోయేటియి, ఆటి నీడలు దుప్పటి మీద నడిసేటియి. అదే నేను సూసిన మొదటి సినిమా అని చెప్త. నమ్మరు. నవ్వుతరు."

పర్వతాలు తల దించుకున్నాడు. ఆ దుప్పటి అతనికీ గుర్తుంది. ఇద్దరూ నేల మీద బోర్లా పడుకుని, ఆ నీడలకు ఇంటిపేర్లతో సహా పేర్లు పెట్టి నవ్వేవాళ్ళు. ఈ మనిషి ఇరవై రెండేళ్ళు ఎక్కడో ఉండి కూడా ఆ దుప్పటిని మోసుకు తిరిగాడు. తను ఇక్కడే ఉండి ఏం చేశాడు?

లోపల మంచం మీద రామచంద్రయ్య తల్లి లక్ష్మీనర్సమ్మ మూలిగింది. కొడుకు పోయినప్పటి నుంచి ఆమె మంచం దిగలేదు.

"అవ్వ పొద్దున పెట్టె తెరిపిచ్చింది" అన్నాడు రామచంద్రయ్య గొంతు తగ్గించి. "క్యాంపోళ్ళు తమ్ముని సామానంత మూటగట్టి ఇచ్చిపోయిండ్రట. గొంగడి, అద్దం, అంగీ. ఉండు, తెస్త."

లోపలికి పోయి అంగీ తెచ్చాడు. సన్నని నీలం చారల బొంబాయి అంగీ, ముత్యపు చిప్ప గుండీలు. గాలయ్యకు రామచంద్రయ్య పంపినది. పర్వతాలు కళ్ళు మూసుకున్నాడు.

"నేను ఇల్లు ఇడిసిననాడు గాలయ్యకు నాలుగేండ్లు. మొలతాడు తప్ప ఒంటి మీద బట్ట లేదు. ఆని మొకం నాకు యాదికి లేదు పర్వతాలూ, ఉత్తరాల్లోనే పెరిగిండు. గీ అంగీ మాత్రం నేనే కొన్న, నేనే పంపిన." రామచంద్రయ్య కాలరు తిప్పాడు. "సినిమాల ఒక పని ఉంటది. ఏ మనిషి ఏ బట్ట తొడిగిండు, ఆ బట్టకు ఏ గుండీ ఊడింది, అన్నీ సూడాలె. లేకుంటె ఒక సీనుల తెల్ల పాగ, మల్లొక సీనుల ఎర్ర పాగ అయితది. నాకు గది అలవాటైంది. నిన్న నువ్వు మా అవ్వ చీరె ఇచ్చినవు సూడు, దాని మూలకు కత్తెర గుర్తున్నది. మరి గీ అంగీ మీద మూడు సుక్కలు, కింద గీత ఉన్నది. మా తమ్ముని అంగీకి మా ఇంటి గుర్తు లేదేంది?"

వాకిట్లో కోడి ఒకటి ఇసుక గీరుకుంటున్నది. పర్వతాలుకు గోవిందమ్మ మాట చెవిలో వినబడింది. నోరు ఇంట్లనే వెట్టిపో. ఒక్క అబద్ధం చాలు. ఏదో కలిసిపోయింది పటేలా అంటే అయిపోతుంది. కానీ బట్టలు కలిసిపోయాయని చెప్పడం అతని వల్ల కాలేదు. అతని చేతిలో బట్ట ఎన్నడూ కలిసిపోలేదు.

"అది సోమక్క ఇంటి గుర్తు" అన్నాడు.

"సోమక్క ఇంటిదా?"

"గాలయ్య దళంల ఉన్నప్పుడు ఆని బట్టలు మీ ఇంటి మూటల రాకుండె. మీ ఇంటి మీద క్యాంపోళ్ళ కన్నుండె గద. సోమక్క తన చీరెల నడిమిట్ల పెట్టి ఇస్తుండె. నాకు ఎరికే, అడగకపోదును. గప్పుడు క్యాంపు బట్టలు గూడ నేనే ఉతుకుతుంటి, ఎట్టికి, పైస లేకుండ. అన్ని బట్టలు ఒక్క ఉబ్బలనే ఉడికేటియి. గాలయ్య అంగీ తప్పి క్యాంపు మూటల పోతె ఏంగాను? అందుకే సోమక్క ఇంటి గుర్తు పెట్టిన. ఆడు బత్కాల్నని పెట్టిన, రామన్నా."

రామన్నా అన్నది నోట్లోంచి దానంతటదే వచ్చింది. రామచంద్రయ్య గమనించలేదు. అతని చూపు కాలరు మీదే ఉంది.

"ఆనెంక?"

"గట్టు మీద దళం మీద పోలీసులు పడ్డప్పుడు అందరు ఉరికిండ్రు. మూటలు ఆడనే ఇడిసిండ్రు. గీ అంగీ పోలీసులకు దొరికింది. గా సంగతి నాకు తెల్వదు. దేవుని మీద ఒట్టు, తెల్వదు. ఎనిమిదో దినం చాకిరేవు కాడికి ఒకాయిన వచ్చిండు. మామూలు బట్టలే, టోపి లేదు, లాఠి లేదు. కోస్త దిక్కు మనిషి."

ఆ మనిషి మాటలు ఏడు నెలలైనా పర్వతాలుకు పొల్లు పోకుండా గుర్తున్నాయి.

"ఏమండీ, ఇక్కడ బట్టలు ఉతికేది మీరేనా?" అన్నాడు వచ్చినాయన.

మీరు! పర్వతాలు వెనక ఇంకెవరైనా ఉన్నారేమోనని తిరిగి చూశాడు. పుట్టి ముప్పై తొమ్మిదేళ్ళలో అతణ్ణి ఎవరూ మీరు అనలేదు. గడీలో అరే అన్నారు, క్యాంపులో ఒరే అన్నారు.

"మీ పని చూశానండీ. క్యాంపులో అందరూ మెచ్చుకుంటున్నారు. ఇన్ని బట్టల్లో ఒక్క గుడ్డ కూడా తారుమారు కాదట కదా!"

"నా చేతుల పడ్డ బట్ట తప్పిపోదు సారు. గుర్తుంటది గద."

"అందుకే మీ దగ్గరికి వచ్చాను. ఈ చొక్కా పొరపాటున మా మూటలో వచ్చింది. పాపం, ఎవరిదో ఏమో, వెతుక్కుంటూ ఉంటారు. చూసి చెబుతారా?"

పర్వతాలు తడి చేతులు తొడకు తుడుచుకున్నాడు. అంగీ అందుకున్నాడు. కాలరు తిప్పాడు. మూడు చుక్కలు, కింద గీత.

"సోమమ్మ ఇంటిది సారు. ఊళ్ళెకు పోంగనే కుడి దిక్కు, పాతర ఉన్న వాకిలి. ఇటియ్యిండ్రి, నేనే ఇచ్చొస్త."

"అయ్యో, వద్దండీ, మీకెందుకు శ్రమ. మేమే ఇచ్చేస్తాం" అన్నాడు ఆయన. చేతులు జోడించి నమస్కారం కూడా చేశాడు.

ఇదంతా చెప్పి పర్వతాలు ఆగాడు. రామచంద్రయ్య అంగీ చారల మీద వేలు పెట్టాడు.

"గది మన అంగీ అని గుర్తువట్టలేదా నువ్వు? నీలం చారలున్నయ్. గుండీలున్నయ్. గసొంటి అంగీ ఊళ్ళె ఇంకొకటి లేదు."

"నేను అంగీ సూడలే. గుర్తు సూసిన."

"కొట్టిండ్రా నిన్ను?"

"లేదు."

"తుపాకి సూపెట్టిండ్రా?"

"లేదు. కొడితె చెప్పకపోదునేమొ. గడీల వీపు మీద బండ పెట్టినా నేను ఎవ్వల పేరు చెప్పలే రామన్నా. గాయిన మీరు అన్నడు. నీ పని మంచిగున్నదన్నడు. నోరు తెరిసిన. గాయిన ఏటి గడ్డ ఎక్కినంక గుండీలు కండ్లల్ల మెదిలినయ్. ఉరికిన. వాగు దాటకముందే జీపు సప్పుడైంది."

చెప్పడం అయిపోయింది. ఏడు నెలలుగా లోపల పెట్టుకున్నది బయటికొస్తే ఏదో తేలిక అవుతుందని అనుకున్నాడు పర్వతాలు. ఏమీ కాలేదు. అరుగు, కోడి, లోపలి మూలుగు, అన్నీ అట్లాగే ఉన్నాయి.

రామచంద్రయ్య లేచి వాకిట్లో అటూ ఇటూ నడిచాడు. ఒకసారి చెయ్యెత్తాడు. కొడతాడేమోనని పర్వతాలు మొహం ముందుకు పెట్టాడు. ఆ చెయ్యి తన మొహమే తుడుచుకుంది.

"గీ అంగీ నేను పంపకుంటె?" అన్నాడు తనలో తానే. "అందరి లెక్క గాడు గూడ ముతక అంగీ తొడుక్కునేటోడు. నువ్వు గుర్తు పెట్టకుంటె గూడ ఎవ్వలకు తెల్వకపోవు. తొడుక్కొని ఫోటో దిగి పంపమని ఉత్తరం రాసిన నేను. ఫోటో దిగనీకె గాడు గట్టు దిగి ఏ ఊరికి పోవాల్నో గూడ ఆలోచన చెయ్యలే."

"తప్పు నాది. నీది కాదు."

"తప్పు ఎవలదైతేంది, తమ్ముడు వస్తడా?" రామచంద్రయ్య దగ్గరికొచ్చి కూర్చున్నాడు. ఈసారి మధ్యలో జానెడు జాగా వదిలాడు. పర్వతాలు కన్ను ఆ జానెడు జాగా మీద పడింది. "ఇను. గీ మాట నాకు చెప్పినవ్, చాలు. ఇంకెవ్వలకు చెప్పకు. దళపోళ్ళ చెవిల పడితె నిన్ను ఇడువరు. నేను సావడి కాడ, సోమక్కను మాఫ్ చేసిన అని చెప్త. నేను మాఫ్ అంటె ఊరు కాదనదు. ఆమె ఇంట్ల ఆమె ఉంటది, నీ ఇంట్ల నువ్వుంటవు. ఖతం."

"సోమక్క ఏం చెయ్యలే గద రామన్నా. మాఫ్ ఎందుకు?"

"మరి నీ పేరు చెప్పాల్నా? చెప్పు. చెప్పమంటె ఇప్పుడే చెప్త."

పర్వతాలు కళ్ళ ముందు ఇద్దరు బిడ్డలు కనబడ్డారు. తల అడ్డంగా ఊపాడు. ఆ క్షణాన అతనికి కలిగింది సంతోషమే, దాచిపెట్టి లాభం లేదు. మూట దించిన భుజం ఎట్లా ఉంటుందో అట్లా ఉంది. తర్వాత బతుకంతా పర్వతాలు సిగ్గుపడింది అంగీ చూసి చెప్పిన మాటకు కాదు, ఈ తల ఊపుకే.

*

పడమర ఇంకా ఎర్రగా ఉండగానే చావడి ముందర జనం నిండారు. గట్టు మీద మోదుగు పూలు మండుతున్నట్టున్నాయి. పెద్దమనిషి జంగయ్య అరుగు మీద, పక్కన కుర్చీలో రామచంద్రయ్య. ఒడిలో మడిచిన నీలం చారల అంగీ. ఎదురుగా పది అడుగుల దూరంలో నేల మీద సోమమ్మ ఒక్కతే. కట్టుకున్నది పొద్దున ఉతుక్కున్న చీరే. మట్టిరంగు పోలేదు. పర్వతాలు జనంలో వెనక కూర్చున్నాడు.

"చెప్పు రామచంద్రం" అన్నాడు జంగయ్య. "నీ నోట్ల మాట. ఉండుమంటవా, పొమ్మంటవా?"

రామచంద్రయ్య అంగీ మీద చెయ్యి పెట్టాడు. "చచ్చినోడు ఎట్లా రాడు. సోమక్కను నేను మాఫ్ చేసిన. ఊళ్ళెనే ఉండనియ్యిండ్రి. గీ దినం నుంచి పనోళ్ళు పనికి పోవాలె."

జనంలో గుసగుసలు లేచాయి. కొందరు తలలూపారు. బొంబాయిలో ఉన్నా మనసు పెద్దదన్నారు.

"ఇన్నవా సోమమ్మా?" అన్నాడు జంగయ్య. "దండం పెట్టు. లేచి ఇంటికి పో."

సోమమ్మ లేచింది. దండం పెట్టలేదు.

"నన్ను మాఫ్ చేయనీకె నేనేం చేసిన తమ్మీ?" అంది రామచంద్రయ్యతో. "నీ తమ్మునికి రెండు కాలాలు అన్నం పెట్టిన. మా పాతరల వడ్లు తీసి ఆన్ని దాసిన. క్యాంపుల మూడు దినాలు నా గోర్లు ఏంగావాల్నో అయినయ్. ఏడు నెలలు మంది మొకం సూడక బత్కిన. గియ్యన్ని చేసినందుకు మాఫీనా? నాకద్దు. పొమ్మంటె పోత. మాఫీ మాత్రం అద్దు."

రామచంద్రయ్య ఆమె వేళ్ళ వంక చూశాడు. తర్వాత నేల చూశాడు.

అప్పుడు జనం అంచు నుంచి ఒక గొంతు వినిపించింది.

"నువ్వు చెప్పకపోతె మరెవలు చెప్పిండ్రు? పోలీసులకు కలల వచ్చిందా?"

పర్వతాలు తిరిగి చూశాడు. గొంగడి కప్పుకున్న మనిషి. ఫాల్గుణంలో, ఇంకా పొద్దు పోకముందే గొంగడి. మెడ దగ్గర గొంగడి జారి లోపలి అంగీ కాలరు కనబడుతున్నది. పర్వతాలు కన్ను అలవాటుగా ఆ కాలరు మీదికే పోయింది. గుర్తు లేదు. ఆ బట్ట ఎన్నడూ తన చేతుల్లో పడలేదు. ఈ మనిషి ఈ ఊరివాడు కాదు. గోవిందమ్మ చెప్పినవాళ్ళు వచ్చేశారు.

సోమమ్మ కూడా అతణ్ణి చూసింది. దళానికి అన్నం పెట్టిన మనిషి, అతనెవరో ఆమెకు వేరే చెప్పాల్సిన పని లేదు.

"చెప్పవమ్మా" అన్నాడు గొంగడి మనిషి మెల్లగా. "నువ్వు గాకుంటె ఎవరు? నీకు తెల్సు. నీ మొకమే చెప్తాంది."

సోమమ్మ చూపు జనం మీదుగా వచ్చి పర్వతాలు దగ్గర ఆగింది. అతని మొహం మీద కాదు, చేతుల మీద. సౌడుకు పాలిపోయిన వేళ్ళ మీద. పర్వతాలుకు అప్పుడు అర్థమైంది. క్యాంపులో మూడు దినాలు ఆమె ముందర పెట్టింది ఆ అంగీనే. గుర్తు చదివింది ఎవరో ఆమెకు మొదటి దినమే తెలుసు. తెలిసే ఏడు నెలలు వెలిలో బతికింది. వాగులో అడిగింది వెక్కిరింపు కాదు. ఇప్పుడన్నా నోరు తెరుస్తావా అని అడిగింది.

ఆమె చూపు అతణ్ణి దాటి, ఆడవాళ్ళ మధ్య ఇద్దరు బిడ్డలను ఒడికి హత్తుకుని కూర్చున్న గోవిందమ్మ మీదికి పోయింది. పెద్దబిడ్డ సోమమ్మను చూసి అలవాటుగా నవ్వింది.

సోమమ్మ గొంగడి మనిషి వైపు తిరిగింది.

"ఇంకెవ్వల్లేరు. నేనే చెప్పిన" అంది.

రామచంద్రయ్య కుర్చీలోంచి సగం లేచాడు. గొంగడి మనిషి ఒక్క అడుగు ముందుకు వేశాడు.

పర్వతాలు ఎప్పుడు లేచాడో అతనికే తెలియదు. జనాన్ని తోసుకుంటూ అరుగు దాకా నడిచి రామచంద్రయ్య చేతిలోని అంగీ పట్టుకున్నాడు. రామచంద్రయ్య అతని మణికట్టు గట్టిగా బిగించాడు.

"కూసో" అన్నాడు ఎవరికీ వినబడకుండా. "బిడ్డలున్నరు నీకు. కూసో రా."

"ఇడువు రామన్నా."

పట్టు వదలలేదు. పర్వతాలు ఇంకోసారి అడగలేదు, చూశాడంతే. రామచంద్రయ్య వేళ్ళు ఒక్కటొక్కటిగా వదులయ్యాయి.

"సోమక్క అబద్దమాడుతాంది" అన్నాడు పర్వతాలు. వెనక గోవిందమ్మ కేక వినబడింది. చిన్నబిడ్డ ఏడుపు వినబడింది. అతను ఆగలేదు. అంగీ కాలరు తిప్పి, రెండు చేతులతో విప్పి పట్టుకుని, గొంగడి మనిషి ముందర నిలబడ్డాడు.

"గీ గుర్తు నేను పెట్టిన. పోలీసోనికి సదివి చెప్పింది గూడ నేనే. సూడు, మూడు సుక్కలు, కింద గీత."

గొంగడి మనిషి గుర్తు వంక చూడనైనా చూడలేదు. పర్వతాలు మొహం మీది నుంచి కళ్ళు తిప్పకుండా, కుడిచెయ్యి మెల్లగా గొంగడి కిందికి పోనిచ్చాడు.